సాంటోరినిని ఒక్క రోజులో బస్సు టూర్‌లో చూడాలంటే

గ్రీస్ దీవి సాంటోరిని అనగానే తెల్లటి గోడలు, నీలం గుమ్మటాలు, వాటి వెనక సముద్రం గుర్తొస్తాయి. ఆ ఒక్క ఫోటో చూసే చాలామంది టికెట్లు బుక్ చేసుకుంటారు. నేనూ అలాగే వెళ్లాను. తిరిగొచ్చాక మాత్రం మా ఇంట్లో అందరూ మాట్లాడుకున్నది నడిమికి విరిగిన ఒక రాతి మెట్ల వరుస గురించి. అది అక్రోతిరిలో, అంటే తవ్వకాల్లో బయటపడిన పురాతన ఊళ్లో ఉంది. చాలా టూర్లు దాన్ని ముప్పావుగంటలో ముగించి, మిగిలిన టైమంతా షాపింగ్‌కీ సూర్యాస్తమయానికీ ఇచ్చేస్తాయి. మీ రోజు అలా అయిపోకుండా ఏం చేయాలో వరసగా చెబుతాను.

ముందు దీవి ఆకారం తెలుసుకోండి. దీని అసలు పేరు థిరా. విస్తీర్ణం 76 చదరపు కిలోమీటర్ల దాకా ఉంటుంది, అంటే ఒక కొస నుంచి ఇంకో కొసకు రోడ్డు మీద గంట కూడా పట్టదు. మ్యాపులో చూస్తే నెలవంకలా కనిపిస్తుంది. సుమారు 3,600 ఏళ్ల కిందట ఇక్కడ ఒక భయంకరమైన అగ్నిపర్వతం పేలింది. నడిమి భాగం కుంగిపోయి, ఆ గుంటలోకి సముద్రం వచ్చింది. ఆ గుంటనే కాల్డెరా అంటారు. గైడ్ నోట ఈ మాట రోజంతా వినపడుతూనే ఉంటుంది. ఫిరా, ఈయా లాంటి ఊళ్లు ఆ గుంట అంచు మీద, నిట్టనిలువు కొండచరియల నెత్తిన ఉన్నాయి. రెండో వైపు, అంటే తూర్పున, నేల మెల్లగా వాలుతూ నల్ల ఇసుక బీచ్‌ల దాకా దిగుతుంది. ఇంత గుర్తుంటే చాలు, బస్సు ఎటు తిరిగినా మీరెక్కడున్నారో తెలిసిపోతుంది.

బస్సు టూర్ మీకు కావాలా?

రెండు మూడు రోజులు ఉండే కుర్రవాళ్లయితే కేటీఈఎల్ లోకల్ బస్సుల్లో తిరగొచ్చు, డబ్బు చాలా మిగులుతుంది. కానీ ఆ బస్సులన్నిటికీ జంక్షన్ ఫిరానే. అక్రోతిరి నుంచి ఈయా వెళ్లాలంటే ఫిరాలో దిగి బస్సు మారాల్సిందే. సీజన్‌లో అక్కడ జనం మామూలుగా ఉండరు. ఒక్కటే రోజు ఉన్నవాళ్లకీ, అమ్మానాన్నలనో అత్తమామలనో తీసుకెళ్లేవాళ్లకీ గైడ్ ఉన్న బస్సు టూరే మేలని నా అభిప్రాయం. జర్మనీలోనో లండన్‌లోనో ఉద్యోగం చేసే పిల్లల దగ్గరికి వేసవిలో మన పెద్దవాళ్లు వస్తారు కదా, ఆ రెండు నెలల్లో గ్రీస్ చూపించే ఇళ్లు చాలానే ఉన్నాయి. ఈ దీవిలో పెద్దవాళ్లకు అసలు ఇబ్బంది దూరాలతో కాదు, మెట్లతో. బస్సు ఆ మెట్లను పూర్తిగా తప్పించలేదు గానీ బాగా తగ్గిస్తుంది. నాలుగు చక్రాల బైకులు అద్దెకు తీసుకుని తిరిగేవాళ్లు రోడ్డు నిండా కనిపిస్తారు. ఆ మలుపుల్లో, ఆ గాలిలో, అలవాటు లేని బండి మీద వెళ్లొద్దని గట్టిగా చెబుతాను.

బుక్ చేసే ముందు ఇవి అడగండి

మొదటి ప్రశ్న, గైడ్‌కు లైసెన్స్ ఉందా? గ్రీస్‌లో పురాతన స్థలాల లోపల వివరించి చెప్పాలంటే ప్రభుత్వ లైసెన్స్ ఉండాలి. కొన్ని టూర్లలో ‘గైడ్’ అంటే దారిలో మైకులో నాలుగు మాటలు చెప్పే డ్రైవరో, వెంట వచ్చే ఒక మనిషో. వాళ్లు అక్రోతిరి గేటు దగ్గర ఆగిపోతారు, లోపలికి వెళ్లాక మీకు మీరే దిక్కు. గైడ్ లేకపోతే అక్కడ మీకు రాళ్లు తప్ప ఏమీ కనిపించవు. కాబట్టి ‘అక్రోతిరి లోపల లైసెన్స్ ఉన్న గైడ్ వెంట వస్తారా’ అని సూటిగా అడిగి, జవాబు రాతలో తీసుకోండి.

రెండోది, అక్రోతిరిలో ఎంతసేపు ఆపుతారు? గంటన్నర ఉంటే మంచిది, గంట కన్నా తక్కువైతే వేరే టూర్ చూసుకోండి. ప్రోగ్రామ్‌లో పది ఊళ్ల పేర్లు ఉన్నాయని సంబరపడొద్దు. ఆగే చోట్లు ఎక్కువైతే రోజంతా బస్సు దిగడం, ఎక్కడంతోనే సరిపోతుంది. ఐదారు చోట్లు చాలు.

మూడోది డబ్బు సంగతి. టూర్ ధరలో అక్రోతిరి ప్రవేశ టికెట్, భోజనం, వైన్ రుచి చూసే ఫీజు సాధారణంగా కలిసి ఉండవు. మనిషికి ఎంత అదనంగా అవుతుందో ముందే లెక్క వేసుకుంటే అక్కడికి వెళ్లాక టెన్షన్ ఉండదు. సూర్యాస్తమయం దాకా ఉంచుతారా, సాయంత్రం ఐదుకే వదిలేస్తారా అన్నదీ అప్పుడే అడిగేయండి.

రోజు ఎంచుకోవడం కూడా మీ చేతిలో పనే. క్రూయిజ్ షిప్పులు వచ్చే రోజుల్లో దీవి కిక్కిరిసిపోతుంది. 2025 నుంచి రోజుకు 8,000 మంది క్రూయిజ్ ప్రయాణికులని పరిమితి పెట్టారు. 15 వేలకు కాస్త అటూఇటూగా జనాభా ఉన్న దీవికి అది కూడా తక్కువేం కాదు. ఏ రోజు ఎన్ని షిప్పులు వస్తున్నాయో షెడ్యూల్ ఆన్‌లైన్‌లో దొరుకుతుంది, తక్కువ ఉన్న రోజు చూసి టూర్ పెట్టుకోండి. అక్రోతిరికి వారంలో ఒక రోజు సెలవు ఉండే సీజన్లు ఉన్నాయి, అదీ చూసుకోండి. నెల మీ ఇష్టమైతే మే గానీ సెప్టెంబర్ చివర గానీ వెళ్లండి. జులై, ఆగస్టుల్లో ఎండకు తోడు మెల్తెమి అనే ఉత్తర గాలి వీస్తుంది. టోపీకి తాడు లేకపోతే అది కాల్డెరా పాలే.

ముందురోజు రాత్రి

పికప్ చోటు ఎక్కడో వెళ్లి కళ్లారా చూసి రండి. ఇది చిన్న విషయంలా అనిపిస్తుంది, మా రోజు మాత్రం ఇక్కడే దాదాపు చెడిపోయింది. చరియ అంచున ఉండే హోటళ్ల దాకా బస్సు రాదు, అక్కడివి మనుషులు నడిచే సందులు, మెట్లు. అందుకే ‘ఫలానా పార్కింగ్ దగ్గర’, ‘ఫలానా సూపర్‌మార్కెట్ ఎదురుగా’ అని మెసేజ్ పెడతారు. మేము ఉన్న ఊళ్లో ఒకే పేరుతో రెండు స్టాపులు ఉన్నాయి. ఒకచోట మేము, ఇంకోచోట బస్సు. ఎనభై మెట్లు ఎక్కి, పరుగున రోడ్డు దాటేసరికి మా అత్తగారికి ఆయాసం వచ్చి, మొదటి గంటంతా ఆవిడ ఏమీ చూడలేకపోయారు. మీరు మ్యాపులో పిన్ అడిగి తీసుకోండి. పొద్దున పది నిమిషాలు ముందే చేరండి.

బ్యాగులో ఏం ఉండాలంటే, నీళ్లు ముందు. అక్కడి కుళాయి నీళ్లు తాగడానికి పనికిరావు. పట్టు ఉన్న బూట్లు వేసుకోండి, ఆ ఊళ్ల రాళ్లు అరిగి అరిగి నున్నగా జారుతుంటాయి. కొండ మీది క్రైస్తవ మఠంలోకి వెళ్లడానికి భుజాలు, మోకాళ్లు కప్పే బట్టలు కావాలి, దీనికి మన చున్నీ బాగా పనికొస్తుంది. సాయంత్రానికి ఒక స్వెటర్, కొంచెం చిల్లర యూరోలు, బస్సులో వాంతులు వచ్చేవాళ్లకు మాత్రలు. ఆ మనుషులను ముందు సీట్లలో కూర్చోబెట్టండి. టాయ్‌లెట్ పేపర్‌ను ఫ్లష్ చేయకుండా పక్కనున్న బుట్టలో వేయాలి. అక్కడి పైపులు సన్నం, దేశమంతా ఇదే పద్ధతి. పెద్దవాళ్లకు ముందే చెప్పి ఉంచండి.

పొద్దున: కొండ, తర్వాత పిర్గోస్

చాలా టూర్లు 567 మీటర్ల ప్రొఫితిస్ ఇలియాస్ కొండతో మొదలవుతాయి. దీవిలో ఇదే ఎత్తైన చోటు. పైన 1711లో కట్టిన మఠం ఉంది. విచిత్రమేమిటంటే ఈ కొండ అగ్నిపర్వతం నుంచి వచ్చింది కాదు, సున్నపురాయి. అగ్నిపర్వతం పుట్టకముందు నుంచీ ఉన్న దీవి ముక్క ఇది. పైనుంచి నెలవంక ఆకారం మొత్తం కళ్ల ముందు ఉంటుంది. మధ్యలో నల్లగా కనిపించేది నేయా కమేని, ఇప్పటికీ సజీవంగా ఉన్న అగ్నిపర్వతం. చివరిసారి 1950లో పేలింది. దాని మీదికి పడవలోనే వెళ్లాలి, బస్సు టూర్‌లో అది ఉండదు. ఇక్కడ ఫోటోలకు తొందరపడకుండా రెండు నిమిషాలు ఊరికే చూడండి, మిగతా రోజంతా అర్థం కావడానికి ఇదే ఆధారం.

కింద పిర్గోస్ పాత కోట ఊరు. సముద్రపు దొంగల భయంతో ఇళ్లను ఒకదానికొకటి ఆనించి, బయటి గోడలే కోటగోడలయ్యేలా కట్టారు. ఈయాలో కనిపించే అందమే ఇక్కడా ఉంటుంది, జనం మాత్రం అందులో పదోవంతు. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు కింది చౌక్‌లో కాఫీ తాగుతూ కూర్చోవచ్చు. పైదాకా ఎక్కి తీరాలన్న పంతం వద్దు, మధ్యాహ్నానికి కాళ్లలో సత్తువ కావాలి.

అక్రోతిరి: ఇక్కడ ఆగండి

ఇది మంచు యుగపు గుహ కాదు, గ్రీకు దేవాలయం కాదు. క్రీస్తుకు 1,600 ఏళ్ల ముందు, మూడంతస్తుల ఇళ్లు, రాతి పలకల వీధులు, వాటి కింద మురుగు కాలువలు ఉన్న ఊరు. పేలుడుతో పడిన బూడిద, ప్యూమిస్ అనే తేలికైన నురగ రాయి దీన్ని నిలువునా కప్పేశాయి. 19వ శతాబ్దంలో సూయజ్ కాలువ పనులకు సిమెంటులా వాడేందుకు ఈ దీవి నుంచి ఆ బూడిదమట్టినే తవ్వి ఓడల్లో పంపారు, ఆ తవ్వకాల్లోనే పాత గోడలు బయటపడడం మొదలైంది. అక్రోతిరిలో పద్ధతిగా తవ్వకం 1967లో పురావస్తు శాస్త్రవేత్త స్పిరిదోన్ మరినాతోస్ ప్రారంభించారు. ఏడేళ్ల తర్వాత, 1974లో, ఆయన ఈ తవ్వకాల చోటే చనిపోయారు.

మొత్తం స్థలానికి పెద్ద కప్పు ఉంది. పాత కప్పులో కొంత భాగం 2005లో కూలడంతో మూసేసి, కొత్తది పూర్తిచేసి 2012లో తెరిచారు. కాబట్టి మిట్టమధ్యాహ్నం ఎండలో కూడా ఇక్కడ నీడలోనే నడుస్తారు. చెక్క నడవాలు ఉన్నాయి, పెద్దవాళ్లు ఇబ్బంది లేకుండా తిరగగలరు.

లోపల అన్నిటినీ చూడాలనుకోకండి. మూడు చూడండి చాలు. ఒకటి, జాడీలు. మనిషి నడుం దాకా వచ్చే మట్టి జాడీలు, మన ఇళ్లలో ఒకప్పుడు ధాన్యం పోసుకున్న కాగుల్లాంటివి, వరసగా పెట్టినవి పెట్టినట్టే ఉన్నాయి. రెండోది పడమటి ఇల్లు అని పిలిచే ఇంటి పై అంతస్తులో ఉన్న మరుగుదొడ్డి. కూర్చునే రాతి పలక, దాని కింది నుంచి గోడలో దిగే మట్టి గొట్టం, అది వీధి కింది కాలువలో కలవడం, ఇవన్నీ గైడ్ చేత చూపించుకోండి. 3,600 ఏళ్ల కిందటి మేడ మీద!

మూడోది ఆ మెట్లు. ఒక్కో మెట్టూ ఒకే రాయి. ప్రతి రాయీ సరిగ్గా నడిమికి విరిగింది. పై మెట్టు నుంచి కింది మెట్టు దాకా ఆ విరుపు ఒకే గీతలా దిగుతుంది, రెండు వైపులూ లోపలికి వాలి ఉంటాయి. పేలుడుకు ముందొచ్చిన భూకంపం చేసిన పని అది. ఇళ్లు కూలాయి, జనం కొంత శుభ్రం చేసుకున్నారు, ఆ తర్వాత ఊరు వదిలి వెళ్లిపోయారు. ఈ ఊళ్లో ఇంతవరకు పేలుడులో చిక్కుకున్న మనుషుల ఎముకలు దొరకలేదు, వాళ్లు ముందే బయల్దేరారని అందరూ అనుకునేది అందుకే. కుళ్లిపోయిన చెక్క మంచాలు బూడిదలో వదిలిన ఖాళీల్లో ప్లాస్టర్ పోసి ఆ మంచాల ఆకారాలను బయటికి తీశారు. మనుషులు లేరు, పడుకున్న మంచాల రూపం మిగిలింది. మా అత్తగారు ఆ మెట్ల ముందు చాలాసేపు నిలబడి, ‘పాపం, ఎటు పోయారో’ అన్నారు. పొద్దుటి ఆయాసం, పికప్ గొడవ అన్నీ ఆవిడ అక్కడే మరిచిపోయారు.

గోడల మీది రంగుల చిత్రాలు మాత్రం ఇక్కడ ఉండవు. కొన్ని ఏథెన్స్ జాతీయ మ్యూజియంలో, నీలం కోతుల చిత్రం లాంటివి ఫిరాలోని పూర్వ చారిత్రక మ్యూజియంలో ఉన్నాయి. మరునాడు ఖాళీ ఉంటే ఫిరా మ్యూజియంకు వెళ్లండి.

పక్కనే ఎర్ర బీచ్. అక్కడ పైనుంచి రాళ్లు రాలుతుంటాయి, హెచ్చరిక బోర్డులు ఉంటాయి. దూరం నుంచి చూసి వెనక్కి రండి.

భోజనం: శాకాహారులకు కంగారు లేదు

మధ్యాహ్నం బస్సు పెరిస్సా లేదా పెరివోలోస్ నల్ల బీచ్ దగ్గర ఆపుతుంది. ఇసుక నల్లగా ఉండడం వల్ల ఎండకు పెనంలా కాలుతుంది, చెప్పులు విప్పి నడవొద్దు.

తినడానికి ముందు ఫావా అడగండి. పేరు వింటే ఏదో చిక్కుడు అనిపిస్తుంది గానీ ఇది లాథిరస్ జాతి పప్పు, కేసరి పప్పుకు దగ్గరి చుట్టం. ఈ దీవి బూడిద నేలలో పండుతుంది. ఉడికించి మెత్తగా మెదిపి, పైన ఆలివ్ నూనె పోసి, ఉల్లిముక్కలు, కేపర్లు (ఊరేసిన పూమొగ్గలు) వేసి ఇస్తారు. చెంచాతో తీసుకుంటే అచ్చం మన ముద్దపప్పే, నెయ్యి బదులు ఆలివ్ నూనె. దాంతోపాటు దొమాతోకెఫ్తేదెస్ తెప్పించుకోండి. వానలేని నేలలో పండే చిన్న టమాటాలను పుదీనా, ఉల్లి, పిండితో కలిపి వేయించే పకోడీలు అవి. గుడ్డు కలిపారేమో అడగండి, ‘హోరిస్ అవ్గో’ అంటే గుడ్డు లేకుండా అని. ‘హోరిస్ క్రెయాస్, హోరిస్ ప్సారి’ అంటే మాంసం, చేప లేకుండా. గ్రీకుల ఉపవాస వంటను ‘నిస్తీసిమో’ అంటారు. ఆ మాట వాడితే మాంసం, పాలు, గుడ్డు ఉండవు, కానీ వాళ్ల ఉపవాసంలో రొయ్యలు, ఆక్టోపస్ తినొచ్చు. కాబట్టి ఆ ఒక్క మాటనే నమ్ముకోవద్దు. ఇంకో సంగతి, ‘నే’ అంటే గ్రీకులో అవును. ‘ఓహి’ అంటే కాదు. అడక్కుండానే బ్రెడ్ తెచ్చి పెడతారు, దానికీ బిల్లు వేస్తారు.

ద్రాక్షతోట

వైన్ తాగనివాళ్లు ఈ స్టాప్‌లో బస్సులోనే కూర్చుంటారు. దయచేసి దిగండి, చూడాల్సింది తోట. ఇక్కడ పందిళ్లు ఉండవు. తీగను ఏటా గుండ్రంగా అల్లుతూ నేల మీద గంపలా చుడతారు, దీన్ని కులూరా అంటారు. గుత్తులు ఆ గంప లోపల, గాలికీ ఎండకూ దొరక్కుండా పండుతాయి. వేసవిలో వాన ఉండదు, రాత్రిళ్లు సముద్రం నుంచి వచ్చే తేమను ప్యూమిస్ రాయి పీల్చి పట్టి ఉంచుతుంది. యూరప్ ద్రాక్షతోటలను 19వ శతాబ్దంలో నాశనం చేసిన ఫిలోక్సెరా అనే వేరు పురుగు ఈ నేలలో బతకలేకపోయింది, అందుకే ఇక్కడి వేళ్లు చాలా పాతవి. రుచి చూసేవాళ్లకు అసిర్తికో అనే తెల్ల ద్రాక్ష వైన్, ఎండబెట్టిన ద్రాక్షతో చేసే తియ్యటి విన్‌సాంతో ఇస్తారు.

ఈయాలో సాయంత్రం

ముందు టైము తెలుసుకోండి. జూన్ చివర్లో సూర్యుడు 8:40 ప్రాంతంలో, అక్టోబర్ మధ్యలో 6:45 ప్రాంతంలో అస్తమిస్తాడు. బస్సు ఊరి మొదట్లో దింపుతుంది, అక్కడి నుంచి పాలరాతి బాట మీద నడకే. దిగగానే గైడ్ చెప్పిన తిరుగు టైము, బస్సు నంబరు ఫోన్‌లో ఫోటో తీసుకోండి. చీకట్లో పార్కింగ్ నిండా ఒకేలాంటి తెల్ల బస్సులే ఉంటాయి.

అందరూ పాత కోట శిథిలాల దగ్గరికి ఎగబడతారు. గంటన్నర ముందే అక్కడ నిలబడే చోటు ఉండదు, పెద్దవాళ్లతో ఆ తోపులాటలోకి వెళ్లొద్దు. ప్రధాన బాట మీదే తూర్పు వైపు వెనక్కి నడిచి, కాల్డెరా కనిపించే ఏదైనా పిట్టగోడ దగ్గర కూర్చోండి. సూర్యుడు మునిగేది సరిగ్గా కనిపించకపోయినా ఎదురుగా చరియలన్నీ గులాబీ రంగులోకి, ఆ తర్వాత ఊదా రంగులోకి మారడం చూస్తారు. నాకైతే అదే ఎక్కువ అందంగా అనిపించింది. ఇళ్ల కప్పుల మీదికి ఎక్కి ఫోటోలు దిగేవాళ్లను చూసి మీరు ఎక్కొద్దు, కింద మనుషులు కాపురం ఉంటారు. 1956 జులై 9 భూకంపంలో ఈ దీవిలో 53 మంది చనిపోయారు, ఈయా చాలావరకు కూలిపోయింది. ఈరోజు మీరు చూస్తున్న ఊరు ఆ తర్వాత బాగు చేసుకున్నది.

షిప్పులో వచ్చినవాళ్లకు ఒక్క మాట. షిప్పు వాళ్ల టూరైతే సాధారణంగా అథినియోస్ రేవులో దింపి బస్సెక్కిస్తారు, చివర ఫిరాలో వదిలేస్తారు. అక్కడి నుంచి పాత రేవుకు కేబుల్ కారులో మీరే దిగాలి. ఆ క్యూ గంట పైన ఉండే రోజులున్నాయి. షిప్పుకు చేర్చే చివరి పడవ టైముకు కనీసం గంటన్నర ముందే క్యూలో ఉండండి. దాదాపు 590 మెట్లు కూడా ఉన్నాయి గానీ గాడిదల పేడతో జారుతుంటాయి. గాడిద మీద మాత్రం ఎక్కొద్దు, ఆ ఎండలో రోజంతా మెట్లెక్కి దిగే మూగజీవాలవి.

సూర్యుడు మునగగానే లేచి బస్సు వైపు నడవండి. పదిహేను నిమిషాలు ఆగితే ఊరు మొత్తం ఆ ఒక్క సందులోంచి బయటికి రావాలని చూస్తుంది. స్వెటర్ అప్పటికే తొడుక్కుని ఉంటే మంచిది. బస్సెక్కాక పొద్దున ఎక్కిన స్టాప్ పేరు డ్రైవర్‌కు ఇంకోసారి చెప్పండి, రాత్రిపూట ఆ మలుపులన్నీ ఒకేలా ఉంటాయి.